గడియారం దాకా కథ

ఓబుల్ రెడ్డి పని జనాన్ని మ్యూజియం గేటు దగ్గర నుంచి గడియారం దాకా తీసుకుపోవడం. గడియారం లోపలి వాకిట్లో ఉంది. గంట పడే ముందు దాని తలుపు తెరుచుకుని గడ్డం బొమ్మ ఒకటి బయటికి వస్తుంది. ఎన్ని గంటలైతే అన్నిసార్లు కొట్టి లోపలికి పోతుంది. హైదరాబాదుకు వచ్చినవాళ్ళు చార్మినార్ చూసి, అక్కడి నుంచి నడిచి దీన్ని చూడడానికి వస్తారు. 1958లో ఆదివారం పూట మ్యూజియం ఉన్న దివాన్ దేవిడీ అనే పాత భవంతి గేటు ముందు వరస బజారులోకి పాకేది.

గేటుకూ గడియారానికీ మధ్య గదులున్నాయి. గదుల్లో ఆ భవంతి నవాబు బతికున్నప్పుడు కొన్న వస్తువులున్నాయి. వాటి గురించి చెప్పడానికి గైడ్లను పెట్టారు. ఓబుల్ రెడ్డిని మూడు నెలలకని తీసుకున్నారు. అతని ఊరు కడప దగ్గర కమలాపురం. బి.ఏ. చదివాడు. వస్తువులన్నిటి గురించీ కంఠతా పట్టాడు. చిక్కల్లా జనంతోనే. మొదటి గదిలో అందరూ వినేవారు. రెండో గదిలో సగంమంది తమ దారిన తాము ముందుకు పోయేవారు. అతను గడియారం దగ్గరికి చేరేసరికి పక్కన ఒకరో ఇద్దరో మిగిలేవారు. తక్కినవాళ్ళు నడవాల్లో ఒకరికొకరు అడ్డం పడేవారు, దంతం కుర్చీలను వేలితో గీకి చూసేవారు.

మూడు నెలలు నిండవచ్చాయి. శనివారం సాయంత్రం మ్యూజియం ఆఫీసరు అతన్ని పిలిచాడు.

"రేపు పదకొండు గంటల బ్యాచి వెనక నేనొస్తాను. గేట్లో ఎంతమంది ఉంటారో గడియారం దగ్గర అంతమంది ఉండాలి. లేకపోతే ఇంకొకరిని చూసుకుంటాం" అన్నాడు.

ఓబుల్ రెడ్డికి ఎండాకాలంలో పెళ్ళయింది. భార్య కృష్ణవేణమ్మ కమలాపురంలో అతని తండ్రి ఇంట్లో ఉంది. పని ఖాయమైతే వచ్చి పిల్చుకుపోతానని చెప్పి వచ్చాడు. కాకపోతే తనే అక్కడికి పోవాలి. తండ్రి ఏమంటాడో అతనికి తెలుసు. ఉద్యోగం సంగతి చెప్పిన రోజే అన్నాడాయన: "బొమ్మల కాడ నిలబడి అరిసేదానికి బి.ఏ. ఎందుకురా? మన జొన్నచేన్లో నిలబడి అరిస్తే పిట్టలన్నా లేచిపోతాయి."

ఆదివారం పదకొండు గంటల బ్యాచిలో ఎక్కువమంది కర్నూలు జిల్లా ఆలూరు వైపు వాళ్ళు. శనక్కాయల పంట అమ్ముకుని, కర్నూల్లో రైలెక్కి వచ్చారు. పెద్దమనిషి దేవేంద్రప్ప. గేటు దగ్గర టిక్కెట్లు చూపిస్తూ ఆయనే చెప్పాడు.

"మా కర్నూల్లో ఉండిన రాజధానిని ఎత్తుకొచ్చినారు కదప్పా. యాడ పెట్టినారో, బాగా చూసుకుంటాండారో లేదో కనుక్కోని పోదామని వచ్చినాం."

ఆలూరు వాళ్ళంతా చెప్పులు గేటు బయటే వదిలారు. వదలనక్కర్లేదని కాపలావాడు చెప్పాడు. వాళ్ళు వినలేదు. ఆఫీసరు చేతులు వెనక్కి కట్టుకుని అందరి చివర నిలబడ్డాడు.

మొదటి గదిలో ముసుగు కప్పుకున్న ఆడమనిషి పాలరాతి బొమ్మ ఉంది. ఓబుల్ రెడ్డి బొమ్మ పక్కన నిలబడి రోజూ చెప్పేదే మొదలుపెట్టాడు.

"ఈ శిల్పము ఇటలీ దేశమునుండి తెప్పించబడినది."

"ఊ" అన్నాడొకాయన.

ఓబుల్ రెడ్డి అటు చూశాడు. సోమన్న అనే ముసలాయన నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చుని ఉన్నాడు. ఆయన పక్కన ఇంకొకరు, ఆ పక్కన ఇంకొకరు. ఆలూరు వాళ్ళందరూ కూర్చున్నారు. ఆడవాళ్ళు ఒక వైపు, మగవాళ్ళు ఒక వైపు. ముందు వరసలో ఈరక్క అనే అవ్వ మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని సిద్ధంగా ఉంది.

"దీనియందు ముసుగు కూడా రాతితోనే మలచబడినది" అన్నాడు ఓబుల్ రెడ్డి.

"ఊ" అన్నాడు సోమన్న.

ఎగతాళి చేస్తున్నారనుకున్నాడు ఓబుల్ రెడ్డి. తలుపు దగ్గర వెనక బ్యాచి వచ్చి ఆగిపోయింది. వాళ్ళ వెనక ఎవరో ఉర్దూలో గట్టిగా అడుగుతున్నారు, ఏమైందని.

"ఎందుకు కూర్చున్నారు? లేవండి. ఇది దారి" అన్నాడు ఓబుల్ రెడ్డి.

"కథ చెప్తాండావు కదప్పా" అంది ఈరక్క.

"కథ కాదు. వివరం."

"ఏదో ఒకటి. చెప్పేటోడు చెప్తాంటే నిలబడుకోని వింటారా ఎవరన్నా? పోయే తొందరలో ఉండామని అనుకోవా నువ్వు?"

"మరి ఆ ఊ అనేది ఎందుకు?"

ఈసారి దేవేంద్రప్ప జవాబు చెప్పాడు. "మా ఊర్లో కథ పెడితే ఊ కొట్టేది సోమన్నే. ఊ అనకపోతే చెప్పేటోనికి మనం వింటాండామో నిద్రపోతాండామో ఎట్ల తెలుస్తాది? మీ పక్క ఊ కొట్టరా?"

"కొడతారు" అన్నాడు ఓబుల్ రెడ్డి. అతని మాట అప్పటికే మారిపోయింది. "మాది కమలాపురం. మాకాడా కొడతారు."

"కడపోడివా? అట్ల చెప్పు మరి. ఇందాక నుంచి బడి అయ్యవారి మాదిరి మాట్లాడతాంటే ఏ దేశమోడో అనుకుంటి" అంది ఈరక్క.

"అవ్వా, ఒక మాట. ఇంకా శానా గదులుండాయి. వెనక జనం నిలబడిపోయినారు. లెయ్యండి."

"నువ్వు మంగళం పాడితే లేస్తాం. నడమల లేస్తే కథ బాగలేదని చెప్పినట్టు. నీకు మర్యాద కాదు, మాకూ కాదు. మొన్న చిప్పగిరి నుంచి వచ్చిన కథలు చెప్పే ఆయన తెల్లారిందాకా చెప్పినాడు. ఒక్కరన్నా లేసినామా?"

లేవలేదని తక్కినవాళ్ళు తలలూపారు. చిప్పగిరి ఆయన గొంతు పోయిందనీ, మర్నాడు మిరియాల కషాయం కాచి ఇచ్చామనీ ఒకావిడ చెప్పింది.

ఓబుల్ రెడ్డి ఆఫీసరు వైపు చూశాడు. ఆఫీసరు జేబులోంచి గడియారం తీసి చూసుకుంటున్నాడు. మంగళం పాడేస్తే వీళ్ళు లేస్తారు. కానీ కథ అయిపోయిందనుకుని గేటు వైపు నడిచినా నడుస్తారు.

ఇంతలో ఈరక్క బొమ్మను ఎగాదిగా చూసి అడిగింది. "ఈ ఇల్లు, ఈ సామాన్లు ఒక్క మనిషివేనా?"

"ఒక్కాయనవే. నవాబు. తాత కొన్నవి కొన్ని, తండ్రి కొన్నవి కొన్ని. ఎక్కువ భాగం ఈయన కొన్నాడు."

"పెండ్లాము పిల్లలు?"

"ఆయన పెండ్లి చేసుకోలే."

ఆలూరు వాళ్ళంతా ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. సోమన్న ఊ అనడం మరిచిపోయాడు.

"ఇంత ఇల్లు పెట్టుకోని?" అంది ఈరక్క. "ఎందుకు చేసుకోలే?"

ఓబుల్ రెడ్డి పక్క గది తలుపు వైపు రెండడుగులు వేశాడు.

"అది ఈడ చెప్పేది కాదవ్వా. ముందర గదిలో ఉండాది ఆ సంగతి" అన్నాడు.

ఈరక్క లేచింది. ఆవిడ లేస్తే అందరూ లేచారు.

ముందరి గదిలో దంతం కుర్చీలున్నాయి. అవి టిప్పు సుల్తానువని చెబుతారని ఓబుల్ రెడ్డి చెప్పాడు. ఆలూరు వాళ్ళకు టిప్పు కొత్తవాడు కాడు. ఆదోని కోట మీదికి వచ్చినప్పుడు తన ముత్తాత తండ్రి జొన్నలు పాతర్లో దాచిపెట్టాడని దేవేంద్రప్ప చెప్పాడు. "ఆ జొన్నలు తినింటే టిప్పు ఈ కుర్చీలో ఇంకా గట్టిగా కూసోని ఉండును" అన్నాడు. ముందు వరసవాళ్ళు కూర్చోవడానికి పంచెలు సర్దుకుంటుండగా ఓబుల్ రెడ్డి మళ్ళీ తలుపు దగ్గరికి పోయాడు.

"ఈ కుర్చీలు కొన్నాక నవాబు ఏం చేసినాడంటే" అని ఆపి, గడప దాటాడు.

"ఊ" అంటూ సోమన్న దాటాడు. అందరూ దాటారు.

ఏం చేశాడంటే పింగాణీ కొన్నాడు. ఆ గదిలో చైనా గిన్నెలున్నాయి. ఆ తర్వాత కత్తులు కొన్నాడు. ఓబుల్ రెడ్డి కంఠతా పట్టిన సంగతుల్లో ఏదీ వదలలేదు, ఏదీ కలపలేదు. వాటిని ఒక మనిషి బజారుకు పోయి తెచ్చుకున్న వరసలో పెట్టి చెప్పాడు. ప్రతి గదిలోనూ చివరి మాటను గడప అవతల చెప్పాడు. ఆలూరు వాళ్ళు కూర్చోవడానికి వంగేలోపల కథ పక్క గదిలోకి పోయేది. రెండు మూడు గదులయ్యాక వంగడం మానేశారు.

"నడిచే కథ ఇది" అన్నాడు దేవేంద్రప్ప పక్కవాడితో. "మా ఊర్లో ఇట్ల పెడితే పంచాయితీ ఆఫీసు కాడ మొదలుపెట్టి పొలానికి పోయేసరికి అయిపోతాది. పని చెడదు."

ముందు బ్యాచిలోంచి చెదిరిపోయినవాళ్ళు కొందరు అద్దాల గది దగ్గర నిలబడి విన్నారు. వరంగల్లు వాళ్ళు, బీదరు నుంచి వచ్చిన ఒక కుటుంబం. వాళ్ళూ వెనక నడిచారు. బీదరు ఆవిడకు తెలుగు రాదు. పక్కన ఉన్న ఆలూరు ఆవిడ కన్నడంలో చెప్పింది. ఏం చెప్పిందో గాని బీదరు ఆవిడ కూడా మధ్య మధ్య గోడ మీది నవాబు పటం వైపు చూసి పెదవి చప్పరించింది.

ప్రతి గదిలోనూ ఈరక్క ఒకే మాట అడిగింది. "ఇంక పెండ్లి సంగతి?"

"వచ్చాండాది అవ్వా" అన్నాడు ఓబుల్ రెడ్డి ప్రతిసారీ.

గడియారం వాకిలి కనిపించింది. పెండ్లి సంగతి అతనికి తెలియదు. కంఠతా పట్టినదాంట్లో అది లేదు. మొదటి గదిలో జనాన్ని లేపడానికి ఒక మాట అన్నాడు, ఆ మాట వాళ్ళను ఇక్కడిదాకా లాక్కువచ్చింది. కత్తుల గదిలో ఉండగానే ఒక కథ అల్లుకున్నాడు. నవాబు ఒక పిల్లను చూశాడు, ఆమె కాలం చేసింది, ఆమెకు పోలికగా ఉందని ముసుగు బొమ్మను దాచుకున్నాడు. చెబితే ఈరక్క ఏడుస్తుంది. ఎవరూ కాదనరు. కాదనగలిగినవాడు ఒక్కడే, అందరి వెనక వస్తున్నాడు. నవాబు బతికున్నప్పుడు ఈ దేవిడీలోనే పనిచేసినవాడు ఆఫీసరు. ఆయనకు కూడా తెలియకపోవచ్చు.

వాకిట్లో జనం కిక్కిరిసి ఉన్నారు. గడియారం తలుపు తెరుచుకుంది. గడ్డం బొమ్మ బయటికి వచ్చింది. అందరూ మాటలాపి తలలెత్తారు. పిల్లల్ని భుజాల మీదికి ఎత్తుకున్నారు. బొమ్మ పన్నెండు కొట్టి లోపలికి పోయింది.

ఆలూరు వాళ్ళు గడియారానికి వీపు పెట్టి నిలబడి ఉన్నారు. వాళ్ళు ఓబుల్ రెడ్డి మొహం చూస్తున్నారు.

"కానీప్పా" అన్నాడు సోమన్న.

ఓబుల్ రెడ్డి నోట్లో కథ తయారుగానే ఉంది. మొదటి మాట కూడా అన్నాడు. "నవాబు..."

"ఊ."

"నవాబు పెండ్లి ఎందుకు చేసుకోలేదో నాకు తెలీదు" అన్నాడు.

సోమన్న ఊ అనలేదు.

"తెలీదంటే?" అన్నాడు దేవేంద్రప్ప. "అన్ని గదులు తిప్పితివే."

"మిమ్మల్ని లేపేదానికి అంటిని. మీరు లేయకపోతే వెనక జనం నిలబడిపోతారు. ఇప్పుడు ఏదో ఒకటి కల్పించి చెప్తే మీరు ఆలూరికి పోయి అదే చెప్తారు. ఆయన లేడు. కాదు అని చెప్పుకునేదానికి రాడు."

దేవేంద్రప్ప తలపాగా తీసి మళ్ళీ చుట్టుకున్నాడు. ఎవరూ గేటు వైపు కదలలేదు. బీదరు ఆవిడ ఏమైందని పక్కావిణ్ణి అడిగింది.

ఈరక్క అటూ ఇటూ చూసి, చివర నిలబడిన ఆఫీసరు దగ్గరికి పోయింది. "సామీ, నువ్వు ఈడ పెద్దోని మాదిరి ఉండావు. నీకన్నా తెలుసునా?"

"నేను ఆయన ఉన్నప్పుడు ఇక్కడే పనిచేసిన" అన్నాడు ఆఫీసరు. అతని తెలుగు హైదరాబాదు తెలుగు. "నాకు తెల్వదమ్మా."

"అడగల్యా?"

"అడిగే మాట కాదది."

"నేనుంటే అడిగిందును" అంది ఈరక్క.

"నువ్వు అడుగుతావని తెలిసే, నువ్వు రాకముందే పోయినాడు ఆయప్ప" అన్నాడు దేవేంద్రప్ప. ఆలూరు వాళ్ళు నవ్వారు. బీదరు ఆవిడకు ఆ మాట కన్నడంలో చేరాక ఆవిడా నవ్వింది. ఆఫీసరు మాత్రం పక్కకు తిరిగి దగ్గాడు.

ఈరక్క మళ్ళీ ఓబుల్ రెడ్డి దగ్గరికి వచ్చింది. "తెలీనిది తెలీదంటివి. సరే. నీ సంగతన్నా చెప్పు. నీకు పెండ్లి అయిందా?"

"అయింది."

"పిల్ల యాడ?"

"కమలాపురంలో ఉండాది."

"నువ్వు ఈడ, ఆయమ్మ ఆడనా? ఇదేం కాపురమప్పా?"

"పని ఖాయం కాలేదవ్వా. ఖాయమైతే పిల్చుకొస్తా."

"ఖాయం చేసేది ఎవరు?"

ఓబుల్ రెడ్డి కళ్ళు ఆఫీసరు వైపు పోయాయి. ఈరక్క అటు తిరిగింది. ఆవిడతో పాటు ఆలూరు వాళ్ళందరూ తిరిగారు. వరంగల్లు వాళ్ళు కూడా తిరిగారు.

"ఏం సామీ" అంది ఈరక్క. "పెట్టుకుంటావా, ఇంటికి పంపిస్తావా? ఈ కథన్నా తేల్చు. మేము ఊరికి పోవాల."

ఆఫీసరు గుంపును ఒకసారి చూశాడు. లెక్కపెట్టడం మొదలుపెట్టి మధ్యలో ఆపేశాడు.

"గేట్లో ఉన్నదానికంటె రెట్టింపున్నరు" అన్నాడు ఓబుల్ రెడ్డితో. "రేపటి సంది ఒకటే మాట. కథ చెప్పు, కిందికి మాత్రం కూసోనియ్యకు. పెండ్లి సంగతి ముందరుంది అని మళ్ళ అనకు."

"అనను సార్" అన్నాడు ఓబుల్ రెడ్డి.

"శుక్రవారం మ్యూజియం మూత. గురువారం రాత్రి బండికి పో. శనివారం పొద్దునకల్ల ఆమెను తీసుకొని రా."

ఈరక్క ఆ మాట పూర్తిగా విని, వెనక్కి తిరిగి మనుషులందరికీ వినిపించేటట్టు మంగళం ఎత్తుకుంది. ఆలూరు ఆడవాళ్ళు అందుకున్నారు. మ్యూజియంలో పాడకూడదని కాపలావాడు పరిగెత్తుకుంటూ వచ్చాడు. ఆఫీసరు చెయ్యెత్తి అతన్ని ఆగమన్నాడు. మంగళం పెద్దదేమీ కాదు. అది అయ్యాక ఆలూరు వాళ్ళు వరసగా గేటు వైపు నడిచారు. ఒక్కరు కూడా చెదరలేదు.