మూడింటి వాన

ప్రతి గురువారం మా ఇంటికి బస్సొస్తుంది. ముప్పైమంది దిగుతారు. వాకిట్లో నిలబడి ఆరేసిన మా బట్టల్ని చూస్తారు, మా కంచరగాడిదల్ని చూస్తారు, నన్ను చూస్తారు, నా వంట తిని ఎక్కిపోతారు. కరెంటూ కార్లూ వద్దనుకుని పాతకాలం పద్ధతిలో బతికే చర్చివాళ్ళం మేం; మా వాళ్ళు కాని ప్రతివాడూ మాకు ఇంగ్లీషువాడే, వాడు ఏ దేశం వాడైనా సరే. నాలుగేళ్ళుగా ఈ ఇంగ్లీషువాళ్ళకి వండి పెడుతున్నాను. జవాబులు చెప్పీ చెప్పీ నా నాలుక అరిగిపోయింది. కరెంటు లేకపోతే రాత్రి ఎలా నిద్ర పడుతుందని ఒకావిడ అడిగింది. కళ్ళు మూసుకుంటే పడుతుందమ్మా అన్నాను.

ఆ జూన్ గురువారం మాత్రం నాకు ఎవరి మొహమూ చూసే ఓపిక లేదు. మా తొమ్మిదెకరాల మొదటికోత గడ్డి ఎండి పొలంలోనే పడి ఉంది. కిందటేడు ఇదే కోత వానకి తడిసి బూజు పట్టింది. అలాంటి గడ్డికి ఆవు మూతి కూడా పెట్టదు. చలికాలంలో మేపలేక తొమ్మిది ఆవుల్ని వదిలించుకున్నాం. మిగిలినవి ఇరవై రెండు. ఈ కోత కూడా పోతే అవీ ఉండవు. అవి లేకపోతే మా ఎనోస్ ఉండడు.

ఎనోస్ మా ఆఖరివాడు. కిందటి శరదృతువులో పెళ్ళయింది. పొలం వాడి చేతికి ఇవ్వాలని నేనూ మా ఆయన బెన్యూలూ ఎప్పుడో అనుకున్నాం. కానీ తోటల్లో పెట్టుకునే చెక్కగదులు చేసే కార్ఖానా ఒకటి వాడిని రమ్మంటోంది. మా కుర్రాళ్ళు సగం మంది ఇప్పటికే క్యారేజీ పట్టుకుని పొద్దున్నే అలాంటి చోట్లకి పోతున్నారు. ఒకసారి పోయినవాడు మళ్ళీ నాగలి పట్టింది నేను చూడలేదు. వస్తావా రావా అన్నది ఆ సాయంత్రంలోగా ఫోను చేసి చెప్పమన్నారట. గడ్డి కొట్టం చేరితే రానని చెప్తాను, తడిస్తే సోమవారం నుంచి పనిలోకి పోతాను అన్నాడు వాడు. ఆ మాట అంటూ నా వంక చూడలేదు.

మామూలుగా గడ్డి రోజున చుట్టుపక్కల మగాళ్ళంతా పిలవకుండానే వస్తారు. ఆ రోజు ఒక్కడు లేడు. ఇరవై మైళ్ళ అవతల ఎవరిదో కొట్టం పిడుగు పడి కాలిపోతే, కొత్తది లేపడానికి అందరూ తెల్లారకముందే బయల్దేరారు. మేం ఓ నలుగురం ఆగుదామా అని పక్కింటాయన అడిగాడు కూడా. మా బెన్యూల్ వద్దన్నాడు. వాన మూడింటికని రేడియోలో చెప్పారట, పాల లారీ నడిపే అతను విని చెప్పాడు. మూడింటిదాకా టైముంటే నేనూ నా కొడుకూ లాగేస్తాం, మీరు వెళ్ళండి అన్నాడు ఈయన. ఇచ్చే చెయ్యే గానీ చాపే చెయ్యి కాదు మా ఆయనది.

మంచు ఆరేదాకా మోపులు కట్టకూడదు. పొద్దెక్కాక ఎనోస్ నాలుగు కంచరగాడిదల్ని కట్టి, మోపులు కట్టే యంత్రంతో దిగాడు. వెనక బెన్యూల్ ఇంకో బండి తోలుకుంటూ, పడిన మోపుల్ని ఒక్కొక్కటే ఎత్తి వేసుకుంటున్నాడు. అరవై నాలుగేళ్ళ మనిషి. నేను కిటికీలోంచి చూస్తూ ఆలుగడ్డలు మెదుపుతున్నాను.

బస్సు వచ్చింది. వెంట వచ్చే డార్లా ఈ చుట్టుపక్కలే పుట్టి పెరిగిన ఇంగ్లీషు మనిషి, నన్ను అక్కా అంటుంది. ఆ రోజు ఆవిడ తెచ్చినవాళ్ళు ఇనుప కార్ఖానాలో పనిచేసి రిటైరైన ముసలాళ్ళు, వాళ్ళ పెళ్ళాలు. అందులో క్లీటస్ అని ఒక భారీ మనిషి దిగీ దిగగానే తాడు మీద ఆరేసిన నా లోపావడాలకి ఫోటో తీశాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. అయ్యా, మీ ఇంటికొచ్చి మీ ఆవిడ బట్టలకి నేను ఫోటో తీస్తే ఊరుకుంటారా అని అడిగాను. వాళ్ళావిడ పకపకా నవ్వింది. ఆయన ఫోను జేబులో పెట్టేసి, భోజనం అయ్యేదాకా తల ఎత్తలేదు.

ఇక్కడ గడియారం సంగతి ఒకటి చెప్పాలి. మార్చి రాగానే లోకమంతా గడియారాన్ని ఒక గంట ముందుకి తిప్పుకుంటుంది. మా చర్చివాళ్ళం తిప్పం. సూర్యుడు జరగనిది ముల్లు ఎందుకు జరగాలంటారు మా పెద్దలు. అందుకని బయటివాళ్ళు ఏ టైము చెప్పినా అందులోంచి గంట తీసేయడం మాకు చిన్నప్పటి నుంచీ అలవాటు. డార్లా పన్నెండింటికి వస్తానంటే, నా గోడ గడియారంలో పదకొండయ్యేసరికి నేను పళ్ళేలు పరిచి సిద్ధంగా ఉంటాను.

కోడిమాంసం అయింది, వెన్న పోసిన నూడుల్స్ అయ్యాయి. పాకం పోసి కాల్చిన ‘పై’ అనే తీపి రొట్టెని ముక్కలు కోసి పళ్ళెం చేతిలో పట్టుకున్నాను. డార్లా అందరినీ తొందరపెడుతోంది. ఒంటిగంట దాటింది, మూడింటికి పెద్ద వానట, ఆలోపు మనం హైవే ఎక్కేయాలి అంటోంది.

నేను గోడ వైపు చూశాను. పన్నెండు దాటి అయిదు నిమిషాలు.

రేడియో మూడు గంటలంటే మాకు రెండు. బస్సుకి గంట తీసేస్తాం, డాక్టరుకి తీసేస్తాం, రైలుకి తీసేస్తాం. వానకి కూడా తీసేయాలని మా మహానుభావుడికి తట్టలేదు. వాన దేవుడిది కదా, అది మన టైముకే వస్తుందనుకున్నట్టున్నాడు. నాకు మాత్రం తట్టిందా? పొద్దున్నుంచీ మూడు గంటలు, మూడు గంటలని నేనూ జపం చేస్తూనే ఉన్నాను.

‘పై’ పళ్ళెం డార్లా చేతిలో పెట్టి పొలానికి పరుగెత్తాను. అయిదు బండ్ల గడ్డి. కొట్టంలోకి చేరింది ఒక్క బండి. మిగిలిన నాలుగు వందల మోపుల్లో సగం పొలంలో పడి ఉన్నాయి, సగం ఇంకా కట్టనేలేదు. రెండింటికే వాన అని చెప్పగానే బెన్యూల్ పడమటి వైపు చూశాడు. అక్కడ ఆకాశం కమిలిపోయి ఉంది. ఆయన టోపీ తీసి మొహం తుడుచుకున్నాడు. దూరంగా యంత్రం మీద ఎనోస్ మమ్మల్నిద్దర్నీ చూస్తున్నాడు. వాడికి అర్థమైపోయింది. ముప్పై ఎనిమిదేళ్ళ కాపురంలో మా ఆయన మొహం అలా ఎప్పుడూ చూడలేదు. నాకు ఏడుపొచ్చింది.

"ఇంట్లో ముప్పైమంది ఉన్నారయ్యా," అన్నాను.

"అన్నానికొచ్చినవాళ్ళకి పని చెప్తామా? తప్పు కాదూ?"

"అడగందే అమ్మయినా పెట్టదు."

"నేనడగను, సువిలా."

"నువ్వడగొద్దు. నేనడుగుతా. వాళ్ళ కొట్టాలు కాలితే పరుగెత్తుతాం, మన గడ్డి తడుస్తుంటే నోరు మూసుకుంటాం. ఇన్నాళ్ళూ దీన్ని వినయం అనుకున్నాం. ఇది వినయం కాదు, పొగరు."

పొగరు మాకు అన్నిటికన్నా పెద్ద పాపం. ఆ మాట మొగుణ్ణి అన్నందుకు ఇంకోరోజైతే నా కాళ్ళు వణికేవి. ఆ రోజు వణకడానికి టైము లేదు.

కానీ వాకిలి దాకా వచ్చాక నాకే సిగ్గేసింది. నాలుగేళ్ళుగా వీళ్ళని కసురుకుంటున్నదాన్ని, ఏ మొహం పెట్టుకుని అడగను? అందరూ ‘పై’ తింటున్నారు. నేను ఏప్రాన్ చేత్తో నలుపుకుంటూ బల్ల చివర నిలబడ్డాను.

"మా గడ్డి పొలంలో ఉంది," అన్నాను. "ఇంక రెండు గంటల్లో వాన. అది తడిస్తే మా ఆవులు పోతాయి, మా అబ్బాయి పొలం వదిలేసి పోతాడు. సాయం చేసేవాళ్ళు ఊళ్ళో లేరు. మీరొస్తారా?"

మొట్టమొదట లేచింది ఎవరనుకున్నారు? లోపావడాల క్లీటస్.

"మోపు బరువెంతమ్మా?"

"నలభై పౌండ్లు."

"ఎన్ని?"

"నాలుగు వందలు."

ఆయన అందరి వైపు తిరిగాడు. ముప్పై ఏళ్ళు షిఫ్టులు నడిపిన గొంతు అది, మా కిటికీ అద్దాలు అదిరాయి. మోకాళ్ళు బాగున్నవాళ్ళు పొలానికి, నడుములు బాగున్నవాళ్ళు కొట్టానికి, రెండూ పోయినవాళ్ళు నీళ్ళు మొయ్యండి అన్నాడు. కుర్చీలన్నీ ఒక్కసారిగా వెనక్కి జరిగాయి. వాకిలి దాటి ఎవరూ పోకూడదని డార్లా కంపెనీ వాళ్ళ నియమం. ఆవిడ తన వాచీ చూసుకుంది, నన్ను చూసింది. గుండె మందులు వాడేవాళ్ళు నా దగ్గరుండండి, మిగతావాళ్ళు ఎటు పోయారో నేను చూళ్ళేదు, నాకు గిన్నెలు తోమే పనుంది అంది.

అప్పుడు చూడాలి మా పొలం. తెల్లబూట్ల ముసలాళ్ళు వరసగా గడ్డిలో నడుస్తూ మోపుల్ని ఇద్దరిద్దరుగా ఎత్తి బండిలో వేస్తున్నారు. బెన్యూల్ ఒక బండి తోలాడు, మా కోడలు ఇంకోటి తోలింది. కొట్టంలో ఆడవాళ్ళు గొలుసులా నిలబడి చేతి నుంచి చేతికి మోపుల్ని అటక మీదకి పంపారు. క్లీటస్ పైన నిలబడి పేర్చడం మొదలుపెట్టాడు. మొదటి బండి దించేటప్పుడు బెన్యూల్ పైకెక్కి, ఆయన పేర్చిన మోపుల్ని ఒక్కొక్కటే తిరగేశాడు. కోసిన చివరలు పైకుండాలి, అప్పుడే గాలాడుతుంది. క్లీటస్ నోరు తెరిచి చూశాడు.

"నన్ను పనిలోంచి తీసేశారా పెద్దాయనా?" అన్నాడు.

"ఇంకా తీయలా. నేర్చుకుంటావేమో చూస్తున్నా," అన్నాడు మా ఆయన.

కింద ఆడవాళ్ళంతా గొల్లుమన్నారు. ఇంగ్లీషువాళ్ళతో ఆయన హాస్యమాడగా నేను విన్నది అదే మొదలు.

రెండో బండి లోపలికి పోయింది. మూడోదీ పోయింది. నా చేతులు గీసుకుపోయాయి, కళ్ళనిండా దుమ్ము. ఎనోస్ ఆఖరి వరస కట్టేసి, యంత్రాన్ని పొలంలోనే వదిలేసి, దాని గాడిదల్ని విప్పి పరుగున తోలుకొచ్చి ఆఖరి బండికి కట్టాడు. ఆఖరి బండి నిండేసరికి గాలి చల్లబడింది. ఎదురుగా కొండ కనబడడం మానేసింది.

మా కొట్టంలోకి బండి పోవాలంటే మట్టి కట్ట మీదుగా పైకెక్కాలి. సగం ఎక్కాక ఉరిమింది. గాడిదలు నాలుగూ చెవులు వెనక్కి పెట్టి మొరాయించాయి. ఎనోస్ బతిమాలాడు, కళ్ళేలు పట్టి లాగాడు. ఒక్కటీ కదల్లేదు. బండి వెనక్కి జారడం మొదలైంది. నూరు మోపుల బండి. బెన్యూల్ చక్రం కింద రాయి తోశాడు, అది కూడా జారింది. అప్పుడు క్లీటస్ అటక దిగి వచ్చి బండి వెనక భుజం పెట్టాడు. ఆయన వెనక ఇంకొకాయన. నేను పెట్టాను, కోడలు పెట్టింది, క్లీటస్ వాళ్ళావిడ పెట్టింది. గిన్నెలు వదిలేసి డార్లా కూడా తడిచేతులతో వచ్చి పెట్టింది, గుండె మందులవాళ్ళు ఎంత చెప్పినా వినకుండా ఆవిడ వెంటే వచ్చారు. ఎవరో ఒకటి, రెండు, మూడు అన్నారు. అందరం కలిసి తోశాం. వెనకనుంచి బరువు తేలికయ్యేసరికి గాడిదలకి ధైర్యం వచ్చింది. బండి గడగడమంటూ కట్ట ఎక్కి కొట్టంలోకి దూసుకుపోయింది, మేం తూలుకుంటూ దాని వెనకే లోపల పడ్డాం.

తలుపులు మూయకముందే రేకుల మీద వాన విరుచుకుపడింది. ఒకళ్ళ మాట ఒకళ్ళకి వినపడనంత వాన. ముసలాళ్ళు మోపుల మీద కూలబడి, ఆ హోరులోనే చేతులెత్తి కేకలు పెట్టారు. నేను కూడా పెట్టాను. మా ఆడవాళ్ళు అలా అరవరు. అయినా అరిచాను. ఏడ్చాను, నవ్వాను, ఎవరో ముక్కూ మొహం తెలియనావిడని కావిలించుకున్నాను.

బెన్యూల్ టోపీ తీసి తల వంచాడు. మా ప్రార్థనకి మాటలుండవు. ఎవరూ చెప్పకుండానే ముప్పైమందీ మౌనంగా నిలబడ్డారు. తల ఎత్తాక ఆయన క్లీటస్ దగ్గరికి వెళ్ళి, గడ్డి అంటుకున్న ఆ పెద్ద చేతిని తన రెండు చేతులతో పట్టుకున్నాడు. చాలాసేపు వదల్లేదు.

ఎనోస్ మాత్రం నిలబడలేకపోతున్నాడు. కార్ఖానాకి ఫోను చేసొస్తాను అన్నాడు. మా ఫోను ఇంట్లో ఉండదు, బాట చివర చెక్కగదిలో ఉంటుంది. పావు మైలు. వాన కాస్త తగ్గాక పోదువుగాని, తడిసిపోతావురా అన్నాను. వాడు అప్పటికే తలుపు సందులోంచి దూరి, బురదలో నవ్వుతూ పరుగెడుతున్నాడు.

గొడుగు తీసుకుని నేను వెనక పోబోతే మా ఆయన నా చెయ్యి పట్టుకుని ఆపాడు.

"తడవనీవే," అన్నాడు. "గడ్డి తడవలేదుగా."