ఒక పర్మిట్టు, రెండు లారీలు

నేను టీవీకి తగిలించి వీడియో ఆటలు ఆడుకునే ఒక ఆటలపెట్టెను. నిలబెడితే నిలబడతాను, పడుకోబెడితే పడుకుంటాను. ఎలా ఉన్నా నా వృత్తి మాత్రం ఒక్కటే, మనుషుల చేత ఎవరికీ అక్కరలేని పనులు ప్రాణం పెట్టి చేయించడం.

నేను పుట్టిన ఫ్యాక్టరీ పేరు నాకు తెలియదు. వరసగా కదులుతున్న పట్టీ మీద నాలాంటివి వేలకొద్దీ ఉండేవి. ఒక అమ్మాయి నా వీపున చివరి స్క్రూ బిగించి మీట నొక్కింది. నేను నీలంగా వెలిగాను. ఆమె ఆవలించి పక్క పెట్టె అందుకుంది. తాము చేసిన వింతలకు మనుషులు ఎంత తొందరగా అలవాటు పడిపోతారో నాకు ఆ మొదటి నిమిషంలోనే అర్థమైంది.

ఓడెక్కి, లారీ ఎక్కి, విజయవాడలో ఒక దుకాణం అద్దాల బీరువాలో మూడు వారాలు కూర్చున్నాక తిమోతి నన్ను కొన్నాడు. ఓడల ఇంజనీరింగు చదువుతున్న కుర్రవాడు. నన్ను తన గదిలో టేబుల్ మీద పెట్టుకుని, రోజూ బనియను అంచుతో తుడిచేవాడు. ఆటలు డిస్కుల రూపంలో కొనడు. నెట్‌లో తన ఖాతా మీద కొంటాడు. అవి ఎక్కడినుంచో దిగి నా కడుపులో సర్దుకునేవి. రెండేళ్ళు అలా గడిచాయి. తరువాత నాకంటే సన్నటి, చురుకైన కొత్త పెట్టె వచ్చింది. మనుషులు మమ్మల్ని ప్రేమించరని కాదు, కొత్తదాన్ని ఇంకాస్త ఎక్కువ ప్రేమిస్తారు, అంతే.

పాతదాన్ని అమ్మకుండా తిమోతి నన్ను గుణదలలో ఉన్న తన అక్క సలోమి ఇంటికి తెచ్చాడు. ఇచ్చే ముందు నాలో ఒక ఏర్పాటు అలాగే ఉంచాడు. దాని పేరు షేరింగ్. అది ఉన్నంతకాలం తిమోతి కొన్న ఆటలన్నీ నాలో ఎవరైనా ఆడుకోవచ్చు, నెట్ లేకపోయినా సరే. అయితే ఒక ఖాతాకు ఈ సౌకర్యం ఒక్క పెట్టెలోనే దొరుకుతుంది. తన కొత్తపెట్టెలో ఆడాలంటే తిమోతికి నెట్ ఉండి తీరాలి. ఊళ్ళో నెట్‌కు కరువు లేదు కనుక అతను దాన్ని లెక్కచేయలేదు. అక్క సంతోషమే చాలనుకున్నాడు. స్కూల్లో లెక్కల టీచరైన ఆ అక్క నన్ను ఒక్క రోజు కూడా ముట్టుకోలేదు. నాలుగు నెలలు నా మీద ఇస్త్రీ బట్టలు పెట్టింది.

ఆ ఇంట్లో ఒక మనిషి పొద్దుటినుంచి సాయంత్రం దాకా బాల్కనీలో కుర్చీ వేసుకుని రింగురోడ్డు వైపు చూస్తూ ఉండేవాడు. సలోమి మామగారు జోజయ్య. నాగపూరు లైనులో నలభై ఏళ్ళు లారీ తోలిన మనిషి. చక్కెర జబ్బుతో ఎడమ పాదం మొద్దుబారిపోయింది. క్లచ్ మీద కాలు ఉందో లేదో తెలియని డ్రైవరుకు లైసెన్సు మళ్ళీ రాయడం కుదరదని రవాణా ఆఫీసులో చెప్పేశారు. ఆ రోజు ఇంటికొచ్చి కుర్చీలో కూర్చున్నవాడు రెండేళ్ళయినా దాదాపు లేవలేదు. మాట కూడా తగ్గిపోయింది. భార్య కాంతమ్మ ఆయన కోపాన్ని నలభై ఏళ్ళు భరించింది కానీ ఈ మౌనాన్ని భరించలేకపోయింది.

ఒక ఆదివారం చర్చినుంచి వచ్చాక, సలోమి నా మీది బట్టలు తీసి, తమ్ముడు ఫోనులో చెప్తుంటే తన పేరున ఒక ఖాతా తెరిచి, నాలో ఉన్న ఆటల జాబితా చూసింది. అందులో లారీ తోలే ఆట ఒకటి కనిపించింది.

"మావయ్యా, ఒకసారి ఇటు రండి. మీకు తెలిసిన బండేమో చూడండి."

జోజయ్య మొహమాటానికి వచ్చాడు. సోఫాలో అంచున కూర్చుని రిమోటు లాంటి మీటల పలకను చేతిలోకి తీసుకున్నాడు. తెర మీద లారీ క్యాబిను తెరుచుకుంది. ఎదురుగా రోడ్డు, పక్కన అద్దం, అద్దంలో వెనక ట్రైలరు. ఆయన బొటనవేలు మెల్లగా కదిలింది. లారీ కదిలింది. నేను ఎంతోమంది వేళ్ళు చూశాను, అన్నీ తొందర వేళ్ళే. ఈ వేళ్ళు మాత్రం గేరు పడేదాకా ఆగి, బండి ఊపిరి తీసుకున్నాక ముందుకు నెట్టాయి.

"కాంతం!" అని కేకేశాడాయన. రెండేళ్ళలో అంత గొంతు రావడం అదే మొదలు. వంటింట్లో గరిటె కింద పడింది.

ఆ రోజునుంచి బాల్కనీ కుర్చీ ఖాళీ. పొద్దున కాఫీ అయ్యాక బండెక్కేవాడు. ఏదో చలిదేశపు రోడ్లు, కుడివైపున నడపాలి. "ఎవడు పెట్టాడమ్మా ఈ రూలు? పైగా వంద కిలోమీటర్లు వచ్చాను, ఒక్క గేదె అడ్డం రాలేదు. ఇదేం రోడ్డు?" అని కోడలికి ఫిర్యాదు చేసేవాడు. మలుపు మలుపుకీ హారన్ కొట్టేవాడు. నాలుగు గంటలు తోలితే బండి పక్కకు ఆపి, ఆట నిలిపి, వీధి చివరకు నడిచి వెళ్ళి టీ తాగి వచ్చేవాడు. ఆ నడక కోసమే ఆర్నెల్లుగా డాక్టరు బతిమాలుతున్నాడు. నా నుదుటి మీద మేరీమాత బొమ్మ అంటించాడు. దాంతో నా గాలి రంధ్రాలు రెండు మూసుకుపోయి కాస్త వేడెక్కేవాణ్ణి, అయినా నన్ను ఎవరూ అంతకుముందు అంత గౌరవించలేదు.

ఇలా ఏడాది గడిచాక తిమోతికి సరుకు ఓడ మీద ఉద్యోగం వచ్చింది. తొమ్మిది నెలలు సముద్రం మీదే. బయలుదేరే ముందు ఆదివారం భోజనానికి వచ్చాడు. భుజాన సంచీ, అందులో ఆ సన్నటి పెట్టె. ఓడకు తీసుకెళ్తున్నానని చెప్పాడు. ఆ రోజు వీధిలో గుంత తవ్వుతూ ఎవరో నెట్ తీగ తెంపేశారు. భోజనాలయ్యాక తిమోతి తన పెట్టెను టీవీకి తగిలించాడు. ఏ ఆట నొక్కినా తెరుచుకోలేదు.

"ఏమైంది అల్లుడూ?" అన్నాడు జోజయ్య.

"నెట్ లేదు కదా మావయ్యా, తాళం పడింది."

"మరి మన దాంట్లో పొద్దున నెట్ లేకుండానే తోలానే?"

తిమోతి తడబడ్డాడు. సలోమి గిన్నెలు సర్దుతున్న చేతులు ఆపి తమ్ముడి వంక చూసింది. అతను నసుగుతూ షేరింగ్ సంగతి చెప్పాడు. జోజయ్య కళ్ళు చిట్లించి విన్నాడు.

"అంటే పర్మిట్టు ఒకటి, లారీలు రెండు. అసలు కాగితం మా బండిలో ఉంది. నీ బండి జిరాక్సు మీద తిరుగుతోంది. చెక్‌పోస్టులో ఆపితే అంతే సంగతులు. అంతేనా?"

"అంతే మావయ్యా."

"ఓడలో నెట్ ఉంటుందా?"

"ఇంటికి మెసేజ్ పెట్టుకోవడానికి కాస్త ఉంటుందంట. ఆటలకి కుదరదు. పర్లేదులే మావయ్యా, నేను పుస్తకాలు చదువుకుంటాను."

"నువ్వా? పుస్తకాలా?" అంది సలోమి.

జోజయ్య నవ్వలేదు. "తొమ్మిది నెలలు ఇంటికి దూరంగా ఉండటం అంటే ఏంటో నాకు చెప్పకు అల్లుడూ. డ్యూటీ దిగాక మనిషికి ఏదో ఒకటి ఉండాల. నేను దాబాల్లో పేకాట చూస్తూ కూర్చునేవాణ్ణి. ఆడటం రాదు, ఊరికే చూసేవాణ్ణి. అది లేకపోతే పిచ్చెక్కేది." మీటల పలక చేతిలోకి తీసుకున్నాడు. "ఎక్కడ నొక్కాలో చెప్పు."

"వద్దు మావయ్యా…"

"చెప్పమంటున్నానా!"

తీగ అతుకు పడే దాకా అందరూ కూర్చున్నారు. సాయంత్రం నెట్ వచ్చింది. తిమోతి చెప్తుంటే జోజయ్య ఒక్కొక్క మెట్టూ దిగాడు. సెట్టింగులు, ఖాతా, షేరింగ్. అప్పుడు నేను నా పద్ధతి ప్రకారం అడిగాను, ఈ పెట్టెలో షేరింగ్ నిలిపివేయాలా అని. ఇలాంటి ప్రశ్నలు రోజుకు కొన్ని అడుగుతాను. ఏనాడూ జవాబు గురించి భయపడలేదు. ఆ రోజు మాత్రం కాదనమని లోలోపల వేడుకున్నాను. ఆయన బొటనవేలు గేరు మార్చినంత నిదానంగా అవును మీద పడింది.

నాలోంచి ఏదీ పోలేదు. ఆటలన్నీ ఎక్కడివక్కడే ఉన్నాయి, కాకపోతే ప్రతి బొమ్మ మూలనా చిన్న తాళం కప్ప. తిమోతి తన పెట్టెలో షేరింగ్ పెట్టుకున్నాడు. వెళ్ళేటప్పుడు జోజయ్య కాళ్ళకు దణ్ణం పెట్టబోతే ఆయన పట్టుకుని లేపి, "సముద్రం మీద మలుపులుండవుగా, హారన్ అక్కర్లేదులే" అన్నాడు.

మరునాడు పొద్దున జోజయ్య కాఫీ తాగి, అలవాటు కొద్దీ సోఫా దాకా వచ్చి, నన్ను చూసి, బాల్కనీలోకి వెళ్ళిపోయాడు. వారం రోజులు అంతే. షిఫ్టు డ్యూటీలు చేసే కొడుకు, సలోమి భర్త రాజరత్నం నా వైపు చూసి, "ఖాళీ పెట్టె, పాత సామాన్ల యాప్‌లో పెట్టేద్దామా?" అన్నాడు. నా చరిత్ర ముగిసిందనుకున్నాను. నా ఫోటో కూడా తీశాడు. బాగా రాలేదు, నిలువునా దుమ్ము.

అప్పుడు కాంతమ్మ తడిచేతులు చీర చెంగుకు తుడుచుకుంటూ వచ్చి నాకూ కొడుక్కూ మధ్యన నిలబడింది.

"దాన్ని అమ్మితే నిన్ను కూడా అదే యాప్‌లో పెడతా. సలోమీ, ఆ లారీ ఆట మళ్ళీ కొనాలంటే ఏం చెయ్యాలమ్మా?"

"కొనొచ్చు అత్తయ్యా. మావయ్య పేరుమీదే ఖాతా తెరిచి కొందాం. కాకపోతే మావయ్య ఇన్నాళ్ళూ నా పేరు మీద తోలారు కదా, కొత్త ఖాతా అంటే మొదటినుంచి మొదలెట్టాలి."

"మొదటినుంచే మొదలెడతాడు. ఆయనకి వేరే పనేముంది?"

జోజయ్యను పిలిచారు. ఆయన వద్దు వద్దంటూనే వచ్చి కూర్చున్నాడు. పుట్టిన సంవత్సరం పెట్టాలి. సలోమి కిందికి జరుపుతూ పోయింది, జరుపుతూనే ఉంది. "ఇంకా ఎంత కిందకమ్మా?" అన్నాడాయన. అంత లోతున ఉన్న సంవత్సరాన్ని నన్ను అంతకుముందు ఎవరూ అడగలేదు. తరువాత ఆట కొన్నారు, దిగింది, తెరుచుకుంది. కొత్త ఆటగాడిని అది మొదట ఒక మాట అడుగుతుంది. తన పేరున ఉన్న పాత ఖాతాలో తిమోతి చెప్పినట్టు సలోమి ఏదో నింపేసింది కనుక జోజయ్య ఆ మాట ఎప్పుడూ చూడలేదు.

"మావయ్యా, లారీ ఓనరు పేరు ఏం పెట్టమంటారు?"

ఆయన ముందుకు వంగి తెర మీది లారీ తలుపు వంక చూశాడు. సలోమి మళ్ళీ అడిగింది.

"నలభై ఏళ్ళలో పదకొండు బండ్లు తోలానమ్మా," అన్నాడు చివరికి. "ఒక్కదాని మీదా నా పేరు లేదు."

సలోమి ఒక్కొక్క అక్షరమే నొక్కింది. ఎర్ర లారీ తలుపు మీద తెల్లటి అక్షరాలతో జోజయ్య పేరు పడింది. ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకుని, పెట్టుకుని, ఇంకోసారి తీసి తుడుచుకున్నాడు. రాజరత్నం ఫోన్ తీసి తెరను ఫోటో తీశాడు. ఈసారి బాగా వచ్చింది.

చివరగా నేను నా ప్రశ్న అడిగాను, ఈ ఖాతా ఆటలు ఈ పెట్టెలో మిగతావాళ్ళూ ఆడవచ్చా అని. జోజయ్య ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు.

"పెట్టమ్మా, పెట్టు. ఇంట్లో ఎవరైనా తోలుకోవచ్చు. బండి ఊరికే ఉంటే బ్యాటరీ పోద్ది. ఏం కాంతం, ఎక్కుతావా?"

"నాకెందుకయ్యా ఈ వయసులో!" అంటూనే ఆమె సోఫాలో కూర్చుంది. పెళ్ళయిన నలభై నాలుగేళ్ళలో ఆయన లారీ ఎక్కమనడం గానీ, ఆమె ఎక్కడం గానీ జరగలేదట. ఆ మాట ఆమె ఎవరితోనూ అనలేదు, మీటల పలక చేతిలో సరిచేసుకుంటూ తనలో తాను అనుకుంది. దగ్గరగా ఉన్నాను కనుక నాకు వినిపించింది.

లారీ కదిలింది. పది గజాలు తిన్నగా పోయింది, తరువాత కంచె దూకింది, పొలంలోకి దిగింది, గడ్డివాము చుట్టూ ఒక ప్రదక్షిణ చేసి చెరువులో ముందు చక్రాలు పెట్టి ఆగింది. "బ్రేకు! బ్రేకు! కాంతం, అది నా బండే!" అని జోజయ్య మొద్దుబారిన పాదంతో గచ్చును తొక్కుతున్నాడు. సలోమి నవ్వలేక గోడకు ఆనుకుంది. ఇంటి ముందునుంచి పోతున్నవాళ్ళు ఆగి పైకి చూశారు.

నేను పుట్టాక ఇన్ని ఆటలు ఆడించాను, ఇంతమందిని గెలిపించాను. ఆ మధ్యాహ్నం నా లోపలి ఫ్యాను పూర్తి వేగంతో తిరిగింది. మరమ్మతులవాడు చూస్తే వేడి ఎక్కువైందనేవాడు.

కాంతమ్మ చెరువులో సగం మునిగిన లారీని తాపీగా చూసింది. పమిట నడుముకు దోపుకుంది.

"వెనక్కి పోవడానికి ఏది నొక్కాలయ్యా? అలా గుడ్లప్పగించి చూడకండి, ఇంకా ఊరు దాటలేదు."