గడప దగ్గరి బొత్తాలు

ఊళ్లో ఊడిపోయిన బొత్తాలన్నీ దొర్లుకుంటూ వచ్చి తెల్లవారేసరికి టైలరమ్మ కొట్టు గడప దగ్గర చేరేవి. వానపడితే కాస్త ఆలస్యమయ్యేది, అంతే. ఆమె వాటిని చీపురుతో మూలకు తోసి మిషను మీది గుడ్డ తీసేది. పారబోయడానికి మనసొప్పక అత్తగారు వాటిని ఏరి, రంగుల వారీగా సీసాల్లో పోసేది.

కొంతకాలంగా ఆ కొట్లో చీపురుకున్న పని మిషనుకు లేదు. వీధి చివర రెడీమేడ్ దుకాణాలు వెలిశాక కుట్టించుకునేవారే కరువయ్యారు. గదిని సెల్‌ఫోన్లవాడికి ఇస్తున్నానని ఇంటి ఓనరు చెప్పేశాడు.

"కొత్తగా ఏదైనా మొదలుపెట్టాలి అత్తయ్యా. కర్టెన్లా, యూనిఫారాలా?"

"అవి కుట్టేవాళ్లు వీధికి నలుగురున్నారు. ఎవరి దగ్గరా లేనిది చూడవే అమ్మాయ్."

"ఎవరి దగ్గరా లేనిది మన దగ్గరేముంది, మీ నోరు తప్ప?"

"దానికే గిరాకీ ఉంటే మీ మామగారు చెవుల్లో దూది పెట్టుకునేవారా?"

ఆ మధ్యాహ్నమే ఓనరు తాళంచెవి కోసం వచ్చాడు. అతని పాత ఉన్నికోటుకు ఒక బొత్తాం స్థానంలో పిన్నీసు ఉంది. ఆ కోటుతో అతను ఇదివరకూ వచ్చాడు. ఒకటి పోతే అన్నీ తీసేసి కొత్తవి కుట్టాలన్నది ఆమె నేర్చుకున్న పద్ధతి; అప్పుడు అదే చెబితే కోటు తీసుకుని వెళ్లిపోయాడు.

ఆమె చూపు పిన్నీసు మీద పడగానే అతను కోటు దగ్గరకు లాక్కున్నాడు.

"మళ్లీ అన్నీ మార్చమనకు తల్లీ. మిగతావి పోయిన మా ఆవిడ కుట్టినవి."

అప్పటికే అత్తగారు గోధుమరంగు బొత్తాల సీసా బల్లమీద బోర్లించింది. వాటిలోంచి అంచు విరిగిన బొత్తాం ఒకటి దొర్లి, కిందికి దూకి, అతని చెప్పును ఆనుకుని ఆగింది.

"ఇన్నాళ్లూ ఇక్కడ కూర్చున్నావా?" అని అతను దాన్ని కోప్పడ్డాడు.

టైలరమ్మ సూదిలో దారం ఎక్కించింది. ఇన్నేళ్లూ తాను మనుషులకు అన్నీ అంటగట్టాలనే చూసింది. వాళ్లు వెతుక్కుంటూ వచ్చింది మాత్రం ఆ పోయిన ఒక్కదాని కోసం. ఈ ఆలోచన తెగేలోపే దారం తెగింది, కుట్టడం అయిపోయింది.

ఓనరు కోటు నిమురుకుంటూ గడప దాటాడు.

"తాళంచెవి, బాబాయిగారూ?"

"నీ దగ్గరే ఉండనీ. ఫోన్లవాడికి వేరే గది చూస్తాలే. మా అన్నయ్య కోటుకి రెండు లేవు, రేపు పంపిస్తా."

మర్నాడు బొత్తాలు ఎప్పటిలాగే వచ్చాయి. వాటి వెనకే, ఓనరు నోట విని వచ్చిన వాటి సొంతదార్లు చొక్కాలు చేత్తో మూసి పట్టుకుని వరుసలో నిలబడి ఉన్నారు. ఆ చొక్కాల్లో సగానికి పైగా రెడీమేడ్‌వే. ఆమె చీపురు పక్కన పెట్టి, సీసాలు దించమని అత్తగారిని కేకేసింది.