కాణిపాకంలో ఒట్టేసినవాడు

తిరుపతి కాలేజీలో ధనంజయ తత్వశాస్త్రం పాఠం చెప్తే, దేవుడికే తానున్నానా అని అనుమానం వచ్చేది. కాణిపాకం వినాయకుడి పేరెత్తితే మాత్రం ఆయనకే చెమటలు పట్టేవి.

దానికి కారణం ఒక మామిడిపండు. బి.ఏ. చదివే రోజుల్లో బంగారుపాళ్యంలో అక్క ఇంటికి పోతే, అక్క మునెమ్మ తియ్యటి పెద్ద బేనీషా పండు తన మరిదికి పెట్టి, తమ్ముడికి చప్పటి తోతాపురి కోసిచ్చింది. అలిగి ఊరుకుంటే సరిపోయేది. మహాశయుడు నేరుగా కాణిపాకం పోయి, కోనేట్లో తలారా మునిగి, తడిబట్టలతో స్వామి ముందు నిలబడి, ఇక అక్క ఇంట్లో మెతుకు ముట్టనని ప్రమాణం చేశాడు. ఆ స్వామి ముందు ఆడిన మాట తప్పినవాడు బాగుపడడని జిల్లా అంతా నమ్మకం. అట్లా యవ్వనమంతా అక్క చేతి ముద్దకు దూరమయ్యాడు.

ఇప్పుడు అక్కకు ఒంట్లో బాగాలేదు. ఒక్కసారి వచ్చి నా ఇంట్లో అన్నం తినిపొమ్మని కబురు పంపింది. ధనంజయకు ఏడుపొచ్చింది, వెంటనే భయమూ వేసింది. అప్పుడు తన పాఠమే గుర్తొచ్చింది. మనిషి క్షణక్షణం మారిపోతాడు, నిన్నటివాడు ఈరోజు లేడు. ఇంకేం! ఒట్టేసినవాడికి ఉంగరాల జుట్టు, తనకు బట్టతల. వాడికి మామిడిపండు ప్రాణం, తనకు చక్కెర జబ్బు. వాడెవడో, తానెవడో! బస్సు చిత్తూరు దాటుతుంటే కాణిపాకం దిక్కుకు దణ్ణం పెట్టి, ఈ సంగతి స్వామికి కూడా విన్నవించుకున్నాడు.

అక్క చిక్కి సగమైంది. వసారాలో ఆ మరిది కూడా కూర్చుని ఉన్నాడు. కంచం ముందు కూర్చోగానే ధనంజయ తన వాదం మొదలుపెట్టాడు.

"ఒట్టేసినోడు నేను కాదక్కా. వాడు ఎప్పుడో పోయినాడు."

మునెమ్మ అన్నం గిన్నె తన వైపు లాక్కుంది.

"అట్లయితే నువ్వెవురప్పా? నేను కబురు పంపింది అలిగి పోయినోడికి. అమ్మ పోయినాక సంకనేసుకొని పెంచినాను వాణ్ణి. వాడు లేడంటే ఏడ్సాల గానీ, ముక్కూ మొగం తెలీనోడికి అన్నమెట్ల పెట్టేది?"

ధనంజయ పాఠాలన్నీ మరిచిపోయాడు.

"నేనేక్కా! నీ ధనంజయనే! ఒట్టేసింది నేనే!"

"మరి సామో?"

"కొడితే నన్నే కొట్టనీ. పెట్టక్కా."

మునెమ్మ కళ్లు తుడుచుకుని, ముద్ద కలిపి చేతిలో పెట్టింది. ధనంజయ ఏడుస్తూనే తిన్నాడు. తింటూనే ఓరకంట మూలనున్న మామిడిపండ్ల తట్ట వైపు చూశాడు, ఈసారి పెద్దది ఎవరికి పెడుతుందోనని.