ముడి విప్పే చెయ్యి

గ్రిమ్స్‌బీ రేవులో ‘మార్ష్ లార్క్’ అనే చేపల ఓడను నేవీవాళ్లు అడిగి తీసుకోలేదు. యుద్ధం మొదలయ్యాక ఒక ఉదయం వచ్చి, ఒడ్డున నిలబడి సిగరెట్లు కాల్చి, ఇక ఇది మాది అన్నారు. నల్లటి పొట్టకు బూడిదరంగు పూశారు. ముక్కు మీద వెనకటి యుద్ధం నాటి ఫిరంగి ఒకటి బిగించారు. చేపలూ మంచూ పోసే అడుగు గదిలో బల్లలు కొట్టి, ఆ చోట మనుషుల్ని పోశారు. ఎన్నిసార్లు కడిగినా ఆ గదికి చేపల కంపు వదల్లేదు.

గస్తీ ఓడ అని పేరు మార్చారు గానీ అందులో మనుషులు పాతవాళ్లే. సరంగు థారట్, ఆయన తర్వాత అంతటివాడైన విల్ఫ్, విల్ఫ్ తమ్ముడు క్లెమ్. ఇద్దరూ ఒకే ఓడ ఎక్కొద్దని తల్లి గొడవ పెట్టింది. తండ్రిని అప్పటికే సముద్రం మింగింది మరి.

“నా కళ్లముందుంటేనేనమ్మా వాడు బతికేది,” అన్నాడు విల్ఫ్. “ఎలా తీసికెళ్తున్నానో అలాగే తెచ్చి నీ ముందు నిలబెడతాను.”

పని చెప్పుకోడానికి తేలికే. శత్రువులు నీళ్లలో లంగరేసి వదిలిన మందుగుండు గోళాల్ని, అదే మైన్లని, ఏరాలి. వెనక పొడుగాటి ఇనప తీగను లాక్కుంటూ పోతే, మైను లంగరు తాడు దానికి తగిలి తెగుతుంది. పైకి తేలాక దూరం నుంచి కాల్చి పేల్చాలి. తీగ దేనికైనా చిక్కుకుంటే మాత్రం గొడ్డలితో తెగ్గొట్టి వదిలేయాలి. అది నేవీ ఆజ్ఞ.

ఆ రోజు మసక వెలుతురులో తీగ చిక్కుకుంది. ఓడ వెనక్కి గుంజినట్టయింది.

“తెగ్గొట్టించండి,” అన్నాడు పెల్హమ్. నేవీ ఎక్కించిన కుర్ర అధికారి అతను. వెనకాల అందరూ చిన్నదొర అనేవాళ్లు.

“తెగ్గొట్టడమా?” అన్నాడు సరంగు. “నా జన్మలో ఒక్క తాడు నీళ్లపాలు చెయ్యలేదు నాయనా. పోగొట్టుకున్నవాణ్ని మా రేవులో కుక్క కూడా పలకరించదు. విల్ఫ్, లాగించు.”

విల్ఫ్ తీగ చుట్టే వించి దగ్గరున్నాడు. చిన్నదొర చెప్పింది చెవినపడింది. కానీ చేతులు ఎన్నో ఏళ్లుగా సరంగు మాటే వింటున్నాయి. వించి తిప్పాడు.

నీళ్లు చీల్చుకుని బరువైనదేదో వచ్చింది. చిరిగిన పాత వల, దానికి నాచు, గుత్తులు గుత్తులుగా నత్తగుల్లలు. ఓడ అంచు దాటి, డెక్కు మీదికి ఊగి, నీళ్లు కారుస్తూ వేలాడింది.

“ఎవడి వలో దొరికిందిరోయ్. వాడికి పొద్దున్నే మన ముఖమే శుభశకునం,” అని నవ్వాడు సరంగు.

చేపల ఓడలో వల సంచీ అలా వేలాడగానే, ఒకడు దాని కిందికి దూరి, అడుగున ముడి లాగి, చేపలు మీద పడేలోగా పక్కకి గెంతాలి. ఆ పనిలో క్లెమ్‌ని మించినవాడు రేవులో లేడు. ఎవరూ చెప్పలేదు. అలవాటు చొప్పున వంగి కిందికి దూరిపోయాడు. రెండు చేతులూ నాచులోకి పెట్టాడు.

“ముడి దొరకట్లేదన్నా,” అన్నాడు. “ఏదో మెత్తగా ఉంది. వంగుతోంది.”

అప్పుడు విల్ఫ్‌కి నాచు మధ్యలోంచి గుండ్రటి ఇనుమూ, దాని మీద పొట్టి కొమ్మూ కనపడ్డాయి. మైను కొమ్ము పైన సీసం, లోపల గాజు. వంగితే గాజు పగులుతుంది. పగిలితే ఇక ఓడా లేదు, మనుషులూ లేరు.

చిన్నదొర చుక్కాని గది గోడకి అంటుకుపోయాడు. అరిస్తే క్లెమ్ ఉలిక్కిపడతాడు.

“ఒరే క్లెమ్,” అన్నాడు విల్ఫ్, పెరట్లోంచి పిలిచినట్టు. “టీ చల్లారిపోతోంది. అది అలా ఉంచి రా.”

“ఇదిగో, ఒక్క లాగు…”

“వంటవాడు నీ వాటా కూడా తాగేస్తున్నాడ్రా. తర్వాత నన్నడక్కు.”

క్లెమ్ తిట్టుకుంటూ బయటికొచ్చాడు. విల్ఫ్ నిద్రపోతున్న పసిబిడ్డను దించినట్టు వించి వదిలాడు. అది అంచు దాటి నీళ్లలో మునిగింది. తీగ చాలా దూరం పోనిచ్చి, తనే గొడ్డలి వేశాడు. కాసేపటికి వెనక మైను పేలి సముద్రం కొండలా లేచింది. పొగగొట్టంలో మసంతా ఊడి అందరి మీదా పడింది.

“అతను వంచిన ఆ ఒక్క కొమ్మే చచ్చిపోయినట్టుంది,” అన్నాడు చిన్నదొర. “మిగతావి బతికే ఉన్నాయి.”

క్లెమ్ తన అరచేతుల్ని చూసుకుంటున్నాడు. వాటి మీద సీసం నల్లగా అంటింది.

“చక్కెర వేశావా?” అని వంటవాణ్ని అడిగాడు.

యుద్ధం అయిపోయింది. నేవీవాళ్లు ఫిరంగి ఊడబెరికి, బల్లలు పీకి, ఓడ తిరిగిచ్చారు. మళ్లీ నల్లరంగు వేశారు. విల్ఫ్ తమ్ముణ్ని తల్లి ముందు నిలబెట్టాడు. కాళ్లూ చేతులూ అన్నీ తడిమి చూసుకుని ఆవిడ ఏడ్చింది. మాట నిలబెట్టుకున్నాననే అనుకున్నాడు విల్ఫ్.

మొదటి వేటలో వల నిండా కాడ్ చేపలు. అన్నేళ్లు మనుషులు వాటి జోలికి పోక తెగ పెరిగి ఉన్నాయి. సంచీ ఉబ్బిపోయి, నీళ్లు కారుస్తూ డెక్కు మీద వేలాడింది.

ఎవరూ కదల్లేదు. అందరూ అంచుకి ఆనుకుని దాన్నే చూస్తున్నారు. ఓడ ఊగినప్పుడల్లా అదీ ఊగుతోంది.

“పెళ్లికూతుర్ని చూస్తున్నార్రా?” పైనుంచి సరంగు. “విప్పండి.”

విల్ఫ్ వెళ్లాడు. కాళ్లు వెనక్కి లాగుతుంటే కిందికి దూరి, కళ్లు మూసుకుని ముడి లాగి, గెంతాడు. చేపలు దబదబమని డెక్కు మీద పడ్డాయి.

తిరిగి చూస్తే క్లెమ్ బోర్లా పడున్నాడు. రెండు అరచేతులూ పొట్ట కింద దాచుకున్నాడు. చుట్టూ చేపలు ఎగిరెగిరి కొట్టుకుంటున్నాయి. పైనుంచి సరంగు మంచు పోయండి, మంచు అని కేకలేస్తున్నాడు.

విల్ఫ్ ఆ చేపల్లోనే మోకాళ్ల మీద కూచుని, తమ్ముడి వీపు మీద చెయ్యి వేశాడు.

“చేపలేరా,” అన్నాడు. “ఇవి చేపలే. చూడు.”

క్లెమ్ తల ఎత్తలేదు.