బొమ్మ వెనక చెయ్యి

మెట్టుగూడ చర్చిలో ఆరాధన ముగిసి జెరూషా ఫోన్ తెరిచేసరికి, తను చూడని వీడియో తన పేరుతోనే లోకమంతా తిరుగుతోంది.

అందులో ఫుమికో గారు నవ్వుతున్నారు. జపాన్‌లో టీవీ కొత్తగా వచ్చిన రోజుల్లో పిల్లల కార్యక్రమం నడిపిన మనిషి ఆమె. ఇప్పుడు తొంభై దాటాయి. కుందేలు బొమ్మతో కబుర్లాడేవారట. బల్ల కింద నక్కి ఆ బొమ్మను ఆడించింది ఆమె భర్త. అంతా అప్పటికప్పుడు ప్రసారమై గాలిలో కలిసిపోయింది. ఒక్క ముక్కా ఎవరూ దాచలేదు. మిగిలినవి రెండు ఫొటోలు. జపనీస్ నేర్చుకున్న జెరూషా ఏడాదిగా ఫోన్లో ఆమె చేత ఈ కథ చెప్పించుకుంది. వీడియో కూర్చే అభిరామ్‌తో, "ఫొటోలే చూపిద్దాం, లేనిది కల్పించొద్దు" అని ముందే మాట తీసుకుంది.

ఇప్పుడా ఫొటోలు కదులుతున్నాయి. కుందేలు చెవులు ఊపుతోంది.

ఆటో ఎక్కి నేరుగా మారేడ్‌పల్లిలో అభిరామ్ గదికి వెళ్ళింది.

"కంప్యూటర్‌తో చేశావా?"

"మరి? అసలుది యాడ దొరుకుతది? జెర చూడు, ఎంత మంచిగొచ్చిందో!"

"నాకు చూపించకుండా ఎందుకు పెట్టావ్?"

"చూపిస్తే వద్దంటవని రాత్రే పెట్టేసిన. ఏందే జెరూషా, గిట్ల మొఖం మాడ్చుకుంటవ్? నీ పేరే ముందేసిన గదా."

"అదే నా బాధ. ఆమె నమ్మింది నన్ను, నిన్ను కాదు."

ఫోన్ మోగింది. తెర మీద ఫుమికో గారు. పెదవులకు రంగు వేసుకున్నారు. పక్కన భర్త ఫొటో నిలబెట్టుకున్నారు.

"ఎక్కడ దొరికిందమ్మా ఆ ఫిల్ము? మా మనవరాలు చూపించింది. ఆ చెవులు ఊపడం ఆయనదే. ఆయన చెయ్యి నేను గుర్తుపట్టనా?"

అభిరామ్‌కు ఆ భాష రాదు గానీ ఆ ముఖం చాలు. "ముసలామె ఎంత ఖుష్ ఉందో చూడు! నువ్వు ఊకోరాదు" అని గుసగుసలాడాడు.

ఊరుకుందామనే అనిపించింది జెరూషాకు. అంతలో ఆవిడ భర్త ఫొటోను ఫోన్ వైపు తిప్పారు. "మళ్ళీ వెయ్యమ్మా, ఈయన కూడా చూస్తారు."

"అది నిజం కాదండీ," అంది జెరూషా. "యంత్రం చేసింది. ఆ బొమ్మ వెనక ఎవరి చెయ్యీ లేదు."

ఫుమికో గారు భర్త ఫొటోను మళ్ళీ తన వైపు తిప్పుకున్నారు.

"ఇన్నేళ్ళూ ఆయన చెయ్యి ఎలా కదిలేదో నాకు బాగా గుర్తుండేదమ్మా" అన్నారు, తప్పు తనదే అన్నట్టు. "పొద్దుట్నుంచీ దీన్నే చూస్తున్నాను. ఇప్పుడు కళ్ళు మూసుకుంటే ఇదే కనిపిస్తోంది."