తెరిపి అనే పేరు ఎందుకు పెట్టిందంటే

తెరిపి అనగానే జనం థెరపీ అనుకుంటారు. బళ్ళో పిల్లలు ఆ పేరున్న అమ్మాయిని ‘ఫిజియో’ అని పిలిచి నవ్వేవారు. కొత్తగా వచ్చిన పంతులమ్మ మాత్రం నవ్వలేదు, అర్థమేమిటో చెప్పమంది.

“పడే వాన కాసేపు ఆగడం.”

“బాగుందే. ఎవరు పెట్టారు?”

అమ్మ పెట్టిందని చెప్పింది. ఎందుకు పెట్టిందో తనకే తెలియదని అప్పుడు తట్టి, ఇంటికెళ్ళాక అడిగింది.

తల్లి లాండ్రీలో ఇస్త్రీ చేస్తుంది. మిగిలిన బట్టలు ఇంటికి తెచ్చుకుని మడతలు పెడుతోంది. చేతిలోని దుప్పటి పక్కన పెట్టి కూతురి ముఖంలోకి చూసింది. పిల్ల ఎదిగింది, ఇంకొకరి నోట వినడం కంటే తను చెప్పడమే నయమనుకుంది. చెప్పింది.

పెళ్ళయిన కొత్తలో వాళ్ళ కాపురం మేడ మీద రేకుల గదిలో. కింద మోటార్లకు తీగ చుట్టే దుకాణం. పక్కగదిలో భర్త పోయిన ఒక మనిషి కుట్టుమిషను పెట్టుకుని బతికేది, అందరికీ ఆమె టైలరక్క. ఈమె భర్త వెల్డరు. వీధిలో అతనంత మెత్తటివాడు లేడని పేరు. ఎవరి దగ్గరా గొంతు పెంచేవాడు కాదు. ఇంట్లో కొట్టేటప్పుడు టీవీ సౌండు పెంచేవాడు. వానాకాలంలో ఆ కరెంటు ఖర్చు కూడా ఉండేది కాదు. రేకుల మీద వాన పడుతుంటే పక్కన కూర్చున్నవాళ్ళ మాటే వినపడదు. తలుపు గడియ పెట్టి, చొక్కా విప్పి మేకుకు తగిలించి మొదలుపెట్టేవాడు. చొక్కా నలగకూడదు మరి.

ఆమెకు నెలలు నిండుతున్న రోజుల్లో, ఒక మధ్యాహ్నం వానకు పని ఆగి అతను తొందరగా వచ్చేశాడు. గుమ్మం పక్కన తడిగొడుగు కనిపించింది.

“ఎవడిదిది?”

“టైలరక్కది. తడుస్తానని ఇచ్చింది.”

“మగాళ్ళ గొడుగు ఆమెకెక్కడిది?”

“వాళ్ళాయనదట. దాచుకుంది.”

“చచ్చినోడి మీద పెట్టేస్తే ఎవడొచ్చి అడుగుతాడులే,” అని గడియ పెట్టాడు.

చొక్కా మేకుకెక్కింది. గొడుగు మూసి కర్రలా పట్టుకున్నాడు. మొదటి దెబ్బకే ఆమె మెడ కింది ఎముక విరిగింది. రెండు చేతులూ కడుపుకు అడ్డం పెట్టుకుంది కాబట్టి ముఖానికి అడ్డం ఏమీ లేకపోయింది. పెదవి చీలి, పన్ను ఊడి నేల మీద పడింది. కింద పడ్డాక కాలితో తన్నాడు. మోకాళ్ళు ముడుచుకుని ఆ తన్నులు మోకాళ్ళ మీదే కాచుకుంది. పాక్కుంటూ బల్ల దాకా వెళ్ళింది. ఇస్త్రీపెట్టె ఇంకా వేడిగానే ఉంది. అతను జుట్టు అందుకోబోతే దాన్ని అతని ముంజేతికి ఆనించి గట్టిగా అదిమింది. చర్మం పెట్టెకు అంటుకుని ఊడివచ్చింది. అతను పెట్టిన కేక కూడా వానలో కలిసిపోయింది.

అంతవరకూ కొట్టడమే, ఆపైన చంపడానికే దిగాడు. తలను గోడకేసి బాదాడు. మీద కూర్చుని గొంతు పట్టాడు.

అప్పుడు వాన ఆగింది. కుళాయి కట్టేసినట్టు ఒక్కసారిగా ఆగింది. అరుస్తున్న బూతు మధ్యలో అతని గొంతు అతనికే వినపడింది. టక్కున నోరు మూసుకున్నాడు. తర్వాత గుసగుసగా అన్నాడు.

“అరవకు. అరిచావంటే ప్రాణం తీస్తా.”

ఆమె అతని కళ్ళలోకి చూసింది. కాపురానికొచ్చిన నాటి నుంచి మొదటిసారి అక్కడ భయం కనిపించింది. ఇతనికి భయం వీధంటే, అని అర్థమైంది. బయటి అలికిడి వినడానికి అతను తల తిప్పాడు, పట్టు కాస్త సడలింది. ఉన్న ఊపిరంతా పెట్టి అరిచింది.

తలుపు విరిగింది. తీగ చుట్టే మనిషి చేతిలో కొయ్యసుత్తి, టైలరక్క చేతిలో బట్టలు కోసే పెద్ద కత్తెర. వెల్డరు గొడుగు కడ్డీతో తీగ చుట్టే మనిషి కనుబొమ చీల్చేశాడు. సుత్తి దెబ్బకు వెల్డరు మణికట్టు నుజ్జయింది. కత్తెర తొడలో దిగింది. మెట్ల మీద నుంచి ఈడ్చుకెళ్ళి వీధిలో పడేశారు. మెత్తటి మనిషన్న నోళ్ళే బూతులు తిడుతూ మీద పడ్డాయి. నీటిగుంటలు ఎర్రబడ్డాయి. ఇక కదలడేమోననిపించినప్పుడు టైలరక్క అడ్డం నిలబడింది.

“చాలు. వీడు చస్తే మీరు జైలుకెళ్తారు. వీడేమో పాపం మంచోడైపోతాడు.”

ఆ సాయంత్రమే ఆసుపత్రిలో పిల్ల పుట్టింది. అతను జైలుకు వెళ్ళాడు. అత్తగారు వచ్చి, మనవరాలికి తన పేరు పెడితే కేసు సంగతి మాట్లాడుకుందామంది. కోడలు వాచిన పెదవులతో నర్సును పిలిచి, “తెరిపి అని రాయండి” అంది.

అంతా విన్నాక కూతురు దుప్పటి అవతలికి తోసేసింది.

“అయితే నన్ను పిలిచినప్పుడల్లా నీకు వాడే గుర్తొస్తాడు.”

“లేదమ్మా. తలుపు విరిగిన చప్పుడు గుర్తొస్తుంది.”

“నాకొద్దు ఈ పేరు.”

అలిగింది. తల్లి పిలిస్తే పలికేది కాదు. బళ్ళో ఫిజియో అంటేనే వెనక్కి తిరిగేది.

అది అలా ఉండగా అతను జైలు నుంచి విడుదలై, బడి వదిలే వేళ గేటు దగ్గరికొచ్చాడు. నాయనమ్మ పేరు పెట్టి పిలిచాడు. పిల్ల చూడకుండా నడిచిపోతుంటే చెయ్యి పట్టుకున్నాడు. అతని ముంజేతి మీద ముడుతలు పడ్డ కాలినమచ్చ చూసి పిల్ల గుర్తుపట్టింది.

“నా కూతురివి నువ్వు. ఆ పిచ్చిపేరు తీయించేస్తా. పద.”

ఈడ్చుకెళ్తుంటే ఆ మచ్చ మీదే కొరికింది. చెంప మీద కొట్టాడు, వదల్లేదు. తలను ఇనుపగేటుకేసి కొట్టాడు, చెవిలోంచి నెత్తురొచ్చినా పళ్ళు విప్పలేదు. గేటు కాపలా మనిషి లాఠీతో అతని మోకాళ్ళు విరగ్గొట్టాకే వదిలింది. నోట్లోకి వచ్చిన తోలుముక్కను ఉమ్మేసింది.

స్టేషనులో పోలీసాయన పేరడిగాడు. తండ్రి నేల మీద మూలుగుతున్నాడు. తల్లీ టైలరక్కా అప్పుడే పరుగెత్తుకొచ్చారు.

“తెరిపి,” అంది పిల్ల.

“అదేం పేరమ్మా?”

“వాన ఆగడమండీ. వీడు మా అమ్మను చంపుతుంటే వాన ఆగింది. అందుకే అరుపు బయటికి వినపడింది. అందుకని పెట్టింది.”

తల్లి కొంగుతో పిల్ల చెవి దగ్గర నెత్తురు అదిమిపట్టి కూర్చుంది.

అతన్ని మళ్ళీ లోపల వేశారు. పిల్ల ఎడమచెవిలో పొర చిరిగిందని, ఆ వైపు వినికిడి మునుపటిలా రాదని డాక్టరు చెప్పాడు. దూరం నుంచి పిలవాలంటే ఇప్పుడు కాస్త గట్టిగా పిలవాలి. తల్లి అలాగే పిలుస్తుంది, వీధంతా తిరిగి చూసినా సరే.